మిత్తి లేని అప్పు

మా నాయన ఆ కాగితం మీద వేలిముద్ర వేసింది నా మాట మీద. చదివి, అంతా బాగానే ఉంది, వెయ్యమని చెప్పింది నేనే. ఈ సంగతి ఇన్నేళ్లలో ఎవరికీ పూర్తిగా చెప్పలేదు. మా అమ్మకు తెలుసు. ఆమె కూడా ఎవరికీ చెప్పలేదు.

నాకప్పుడు పద్దెనిమిదేళ్లు. నాగర్‌కర్నూల్ బడిలో ఉర్దూలో మిడిల్ పాసై ఇంటికి వచ్చి ఏడాదైంది. తెలకపల్లి పక్కనున్న మా పల్లెలో పట్వారీని మినహాయిస్తే ఉర్దూ చదవగలిగిన వాణ్ణి నేనొక్కణ్ణే. సర్కారు కాగితాలన్నీ ఉర్దూలోనే ఉండే కాలం అది. ఎవరికి ఏ నోటీసు వచ్చినా మా ఇంటికి తెచ్చేవారు. నేను అరుగు మీద కూర్చుని గొంతు పెంచి చదివేవాణ్ణి. పక్కనే నిలబడ్డ నాయన ముఖంలో వెలుగు చూసేవాణ్ణి. చదవడం వచ్చింది గనుక అర్థం చేసుకోవడం కూడా వచ్చిందనే అనుకున్నాను.

మాకు వాగు పక్కన నాలుగెకరాల నల్లరేగడి, గుట్ట వార మూడెకరాల ఎర్రచెలక ఉండేవి. రేగడిలో జొన్న, చెలకలో ఆముదాలు. ముప్పయ్యో దశకం చివర్లో ఒక ఏడాది తొలకరికి ముందు పశువులకు పెద్ద రోగం వచ్చింది. ఎనిమిది రోజుల తేడాతో మా ఎద్దులు రెండూ చచ్చిపోయాయి. రెండోది పడిపోయిన రోజు నాయన దాని పక్కన కూర్చుని చెవులు నిమురుతూ ఉండిపోయాడు. అన్నం తినమని అమ్మ రెండుసార్లు పిలిచి ఊరుకుంది.

వానలు ఇంకో పదిహేను రోజుల్లో పడతాయి. ఎద్దులు లేవు, విత్తనానికి డబ్బు లేదు, పోయినేటి శిస్తు బాకీ ఉంది. అన్నిటికీ కలిపి రెండు వందలు కావాలి. అమ్మ ఒక దారి చెప్పింది.

"మా తమ్మునిది గూడ ఒక ఎద్దు సచ్చింది, ఒకటి మిగిలింది. నా కడియాలమ్మి మనం ఒక్కటి కొంటె జోడైతది. ఒకనాడు వాండ్లది, ఒకనాడు మనది దున్నుకుందం. శిస్తుకు పట్వారీ కాళ్లు పట్టుకుంటె జర ఆగుతడు."

"ఒకల ఎద్దుకు ఎదురు సూసుకుంట కూసుంటె పదును ఆగుతదా?" అన్నాడు నాయన. ఆయనకు బామ్మర్ది ముందు చెయ్యి చాపడం ఇష్టం లేదు. అప్పు కూడా ఇష్టం లేదు. మిత్తి అంటే, వడ్డీ అంటే, ఆయనకు పాము కంటే భయం. వాళ్ల అన్న మిత్తి కట్టలేక ఊరు విడిచిపోవడం ఆయన కళ్లారా చూశాడు.

అలాంటి సమయంలో నాగర్‌కర్నూల్ సాహుకారు ఒక మాట చెప్పాడు. మెత్తని మనిషి. మేం వెళ్తే ముందు చల్ల తాగించాడు.

"మిత్తి మాటే లేదు పో. నీ నల్లరేగడి నా పేర రెహన్ పెట్టు. భూమి యాడికి పోతది, నీ సేతిలనే ఉంటది. నువ్వే దున్నుకో. పండిన దాంట్ల సగం నాకు పొయ్యి. ఎప్పుడు నా రెండు నూర్లు నాకిస్తె అప్పుడు కాయితం సింపేస్త."

రెహన్ అంటే తాకట్టు. నాయన ఆ మాటను వదిలేసి ముందున్న మాటనే పట్టుకున్నాడు. "మిత్తి లేదట," అని నాతో రెండుసార్లు అన్నాడు.

స్టాంపు కాగితం మీద ఉర్దూలో రాయించారు. రాసినాయన చదివి వినిపించబోతే నాయన ఆపాడు. "మా పిలగాడు సదువుతడు," అన్నాడు. ఆ గొంతులో ఉన్న గర్వం నాకు ఇప్పటికీ వినిపిస్తుంది.

నేను చదివాను. తప్పు లేకుండా చదివాను. ఏడేళ్ల గడువు. ప్రతి ఏడూ పంటలో సగం. అసలు ఒక్కసారిగా మొత్తం చెల్లించాలి. శిస్తు భూమి యజమానిదే. గడువు దాటితే ఇదే అమ్మకం కాగితం కింద చెల్లుతుంది. ఇవన్నీ అందులో ఉన్నాయి. సాహుకారు ఏదీ దాచలేదు, ఎవరూ మమ్మల్ని మోసం చెయ్యలేదు. నేను వెతికింది మాత్రం ఒక్క మాట కోసమే. పైనుంచి కిందికి, మళ్లీ కిందినుంచి పైకి చూశాను. మిత్తి అనే మాట ఎక్కడా లేదు.

"యాడ లేదు నాయినా. ఎయ్యి," అన్నాను.

ఆయన వేశాడు. వస్తూ దారిలో బెల్లం కొన్నాడు. ఏడేళ్లలో రెండు వందలు కూడబెట్టలేమా అని నన్ను అడిగాడు. ఎందుకు కూడబెట్టలేం అన్నాను నేను.

మొదటి ఏడు పంట బాగా పండింది. కళ్లంలో జొన్నను రెండు కుప్పలు చేశారు. సాహుకారు మనిషి బండి తోలుకొచ్చి ఒక కుప్పను ఎత్తుకుపోయాడు. మిగిలిన కుప్పలోంచి విత్తనం తీసి, కూలీలకు కొలిచి, శిస్తుకు కొంత అమ్మితే మాకు తిండికి మిగిలింది. డబ్బు మిగల్లేదు. రెండో ఏడు చెలకలో ఆముదాలు బాగా కాశాయి. అరవై రూపాయలు చేతికొచ్చాయి. నాయన వాటిని పంచె కొంగులో ముడేసుకుని నన్ను వెంటబెట్టుకుని నాగర్‌కర్నూల్ పోయాడు.

"సేటూ, గీ అరువై పట్టుండ్రి. అసల్ల కొట్టేయుండ్రి," అన్నాడు.

సాహుకారు ఆ ముడి వైపు చూడనైనా చూడలేదు. "తునకలు తునకలు నేను దీస్కోనయ్యా. కాయితంల గట్ల లేదు. కొడుకును అడుగు, సదివిండు గద. ఒక్కపారి రెండు నూర్లు తే, సంతోషంగ దీస్కుంట."

నాయన నా వైపు తిరిగాడు. నేను తల ఊపాను. అవును, అలాగే ఉంది కాగితంలో.

ఆ అరవై రూపాయలు ఇంటికి తిరిగి వచ్చాయి. ఇంట్లో ఉన్న డబ్బు ఎన్నాళ్లు ఆగుతుంది? వానాకాలం ఇంటి వెనక గోడ కూలింది. అమ్మకు చలిజ్వరం పట్టుకుని రెండు నెలలు వదల్లేదు. మూడో ఏడు వానలు మొహం చాటేస్తే తిండిగింజలు కొన్నాం. అరవైలో మూడు రూపాయలు మిగిలాయి.

నాలుగో ఏడు నేను వనపర్తి పోయాను. అక్కడ ఒక వకీలు దగ్గర కాగితాలకు నకళ్లు రాసే పని దొరికింది. నెలకు ఎనిమిది రూపాయలు. పొద్దుటినుంచి సాయంత్రం దాకా చాప మీద కూర్చుని దస్తావేజులు తిరగరాయడం. అమ్మకాలు, పంపకాలు, కౌళ్లు, రెహన్‌లు. పదుల కొద్దీ రాశాక, ఒక మధ్యాహ్నం ఎవరో ముక్కూమొహం తెలియని రైతు రెహన్ కాగితానికి నకలు రాస్తుంటే నా చెయ్యి ఆగిపోయింది. అవే మాటలు. అసలు ఒక్కసారిగా. పంటలో సగం. శిస్తు యజమానిది. ఆ రైతు గురించి వకీలు అప్పుడే తన మిత్రుడితో నవ్వుతూ అన్న మాట చెవిలో పడింది: "ఈయన భూమికి ఈయనే కౌలుదారు."

ఆ రోజు ఒక చిత్తుకాగితం వెనక లెక్క వేశాను. సగం పంట అంటే ఏడాదికి నలభై రూపాయల గింజలు. కరువేడు ముప్పై, బాగా పండితే యాభై. ఊళ్లో అందరూ భయపడే అప్పుకు నూటికి నెలకు రూపాయి మిత్తి. రెండు వందలకు ఏడాదికి ఇరవై నాలుగు. అంతే. మా నాయన పామును చూసినట్టు భయపడిన మిత్తి ఇరవై నాలుగు రూపాయలు. మిత్తి లేని అప్పుకు మేం కడుతున్నది నలభై. అందులో ఒక్క రూపాయి అసలులోకి పోదు. ఆ అరవై రూపాయలను ఏ మామూలు అప్పుకో కట్టి ఉంటే అప్పు ఆ మేరకు తగ్గేది. లెక్క రెండుసార్లు సరిచూశాను. తప్పు ఉంటుందేమోనని ఆశపడ్డాను. లేదు.

ఇంటికి వెళ్లి వెంటనే చెప్పాల్సింది. చెప్పలేదు. ఎనిమిది నెలలు ఆగాను. రెండుసార్లు ఊరికి పోయి కూడా నోరు విప్పకుండా తిరిగి వచ్చాను. పని ఉందనీ, దారి బాగాలేదనీ ఏవేవో చెప్పుకున్నాను. అసలు సంగతి ఏమిటంటే నాయన నన్ను చూసే చూపు పోతుందని భయం.

ఎండాకాలంలో ఒక పొద్దున వెళ్లేసరికి ఆయన వాగు పక్క చేలో ఉన్నాడు. చెరువు మట్టి బండికెత్తి తెచ్చి, ఒక్కడే గంపలతో చేనంతా పోస్తున్నాడు. అది ముప్పయ్యో బండి అని చెప్పాడు. చేను బలం పుంజుకుంటుందని సంబరపడుతున్నాడు.

"ఎందుకు నాయినా గింత కష్టం? పండిన దాంట్ల సగం గా సేటుదే గద," అన్నాను.

"మన సగం గూడ పెరుగుతది గద కొడుకా."

అప్పుడు చెప్పాను. ఇరవై నాలుగు, నలభై. ఇప్పటికే అప్పులో ముప్పావు వంతు గింజల రూపంలో పోయిందనీ, బాకీ మాత్రం రెండు వందలు రెండు వందలుగానే ఉందనీ. ఆయన గంప కింద పెట్టి విన్నాడు. లెక్కలు రాని మనిషి, అయినా నేను చెప్తుండగానే అర్థమైపోయింది.

"నువ్వు సదివినప్పుడు గిదంత అండ్ల లేకుండెనా?"

"ఉండె నాయినా."

"మరి?"

"సదివిన. తెల్వలే."

ఆయన వంగి గంప ఎత్తుకున్నాడు. "సరే. ఎండెక్కుతుంది, ఎద్దులను ఇప్పాలె," అన్నాడు. అంతే. ఆ తర్వాత ఆ సంగతి మీద నన్ను ఒక్క మాట అనలేదు. తిట్టి ఉంటే, చెంప మీద ఒకటి కొట్టి ఉంటే, నేను ఏడ్చి తేలికపడేవాణ్ణి. మిగిలిన మట్టి మాత్రం ఆయన చేలో పొయ్యలేదు. చెరువు దగ్గర తవ్విన కుప్ప వానలకు మళ్లీ చెరువులోకే పోయింది.

యుద్ధం ముదిరింది. ధరలు పెరిగాయి. పండించే వాడికి మంచి రోజులని పట్నంలో అనేవారు. ధర పెరిగితే సాహుకారు సగమూ పెరిగింది. సర్కారు లెవీ పేరుతో రైతుల దగ్గర గింజలు వసూలు చేయడం మొదలుపెట్టింది. పట్టా నాయన పేరు మీద ఉంది గనుక లెవీ కూడా నాయన సగంలోంచే పోయింది. అమ్మ జొన్న గటకలో పిండి తక్కువ, నీళ్లు ఎక్కువ పోసేది.

ఏడో ఏడు వచ్చింది. గడువు దాటితే భూమి పోతుంది. నా జీతంలో మిగిల్చింది నలభై ఐదు. అమ్మ కాళ్ల కడియాలు, దండకడియం తీసిస్తే డెబ్బై వచ్చాయి. చాలలేదు. చివరికి ఎద్దులను అమ్మాం. ఏ ఎద్దుల కోసం అప్పు చేశామో ఆ ఎద్దులనే. ముసలివైపోయాయని కొన్నవాడు బేరం చేశాడు. రెండు వందలూ పోగై, గడువుకు పదకొండు రోజుల ముందు నాగర్‌కర్నూల్ పోయి కట్టాం. సాహుకారు మాట తప్పలేదు. లెక్కపెట్టుకుని, మా ముందే కాగితం చింపి ఇచ్చాడు. అప్పుడు కూడా చల్ల తాగించాడు.

ఇంటికి వచ్చి ఆ చింపిన ముక్కలు అమ్మ ముందు పెట్టాడు నాయన. ఆమె వాటిని ముట్టుకోలేదు.

"ఏడేండ్లు. ఇప్పుడు మనకేం మిగిలింది?" అంది.

"భూమి మిగిలింది."

"అది అప్పుడు గూడ ఉండె గద," అంది అమ్మ.

తొలకరి దగ్గరపడింది. ఏడేళ్ల కిందటిలాగే మాకు భూమి ఉంది, ఎద్దులు లేవు. అయితే అప్పుడు నాయనకు నలభై మూడేళ్లు, ఇప్పుడు యాభై. అప్పుడు అమ్మ ఒంటి మీద వెండి ఉండేది, మేనమామ ఇంట్లో ఒక ఎద్దు ఉండేది. మేనమామ ఈలోగా కూలికి పోయి ఎక్కడో స్థిరపడ్డాడు.

ఆ ఏడు చేనును పక్క రైతుకు పాలుకిచ్చాం. ఆయన ఎద్దులు, ఆయన కష్టం, సగం పంట. కొత్త ఎద్దుల డబ్బు సంపాదించుకొస్తానని నాయన మేస్త్రీ వెంట కృష్ణ దాటి, గద్వాల అవతల రైలు కట్టకు కంకర కొట్టే పనికి పోయాడు. వద్దన్నాను. ఆగలేదు. వెళ్లే ముందు వనపర్తిలో నా గది దగ్గర ఆగాడు. చేతికర్రా, దుప్పటీ, సద్దిమూటా. నేను పెట్టిన అన్నం తిన్నాడు. "మీ అమ్మను సూడు," అన్నాడు. నేను ఎడ్ల సంత దాకా తోడు వెళ్లాను. వెనక్కి తిరిగి చూస్తాడనుకున్నాను, చూడలేదు.

ఏడాదిన్నరకు తిరిగి వచ్చాడు. ముప్పై నాలుగు రూపాయలూ, ఒక దగ్గూ తెచ్చుకున్నాడు. ముప్పై నాలుగు రూపాయలు దవాఖానకు సరిపోలేదు. ఆ వానాకాలం చేను దాకా నడుస్తానని పట్టుబడితే నేనూ అమ్మా చెరో పక్క పట్టుకుని తీసుకెళ్లాం. పక్క రైతు దున్నుతున్నాడు. నాయన గట్టు మీద కూర్చుని కాసేపు చూసి, "సాలు వంకర పోతుంది," అన్నాడు. గొంతు అంత దూరం పోలేదు. దున్నేవాడికి వినపడలేదు. కంకి పాలు పట్టే లోపల ఆయన పోయాడు.

ఆ తర్వాత రెండేళ్లకు గుట్ట వార చెలకతో పాటు ఆ నాలుగెకరాలూ నేనే అమ్మాను. మా ఇంట్లో దున్నే వాడు లేడు, మందుల బాకీలు ఉన్నాయి, నేను చాప మీద కూర్చుని రాసుకునే మనిషిని. అమ్మకం కాగితం నేనే రాసుకున్నాను. ఈసారి ప్రతి మాటా అర్థమైంది. అర్థమైనందువల్ల ఏమీ మారలేదు.

అమ్మను వనపర్తి తెచ్చుకున్నాను. ఒక్కటే గది. వచ్చిన మూడో రోజు జొన్నలు కొనడానికి నాతో బజారుకు వచ్చింది. అంగట్లో కుప్పలోంచి గుప్పెడు తీసి అరచేతిలో పరుచుకుని, వేలితో కదిపి, ఒక గింజ పంటి కింద వేసుకుంది.

"ఇవి ఏ ఊరి జొన్నలు బిడ్డా?" అని అంగడివాణ్ణి అడిగింది.

"యాడియో నాకేం తెల్సు అవ్వా. ఎన్ని సేర్లు కొలవాలె?"

అమ్మ నా వైపు చూసింది. నాలుగు సేర్లు అని నేను చెప్పాను.