ఉస్తీన్య అవ్వ తాడు

“పాప నీళ్లలో పడితే?”

అడిగింది నేనే, చివరికి ఒప్పుకున్నదీ నేనే. విప్లవం వచ్చిన పదేళ్లకు కుర్ర కమ్యూనిస్టులు ఉత్తర రష్యాలో తెల్లసముద్రం ఒడ్డునున్న మా ఊరికి సినిమా తీయడానికొచ్చారు. తుపానులో చిక్కిన బెస్తవాళ్లను ఒక కుర్ర కమ్యూనిస్టు కాపాడే కథ. మాటలు వినపడని సినిమా కదా, దర్శకుడు వెనియమిన్ రోజంతా అరవొచ్చు. అరిచాడు.

పడవలో ముసలమ్మ వేషం ఉస్తీన్య అవ్వది. ఆమె ఒళ్లో పాప వేషం ఏడాదిన్నర నా కూతురు లూషాది. అవ్వ తొమ్మిదో ఏట తెడ్డు పట్టింది. ఆరుగురు పిల్లల్ని పడవలోనే పెంచింది, ఒక్కరినీ సముద్రానికి ఇవ్వలేదు. అలాంటి మనిషిని హెర్రింగ్ చేపల కాలంలో ఐదు రోజులుగా ఎండ వస్తేనే సినిమా తీస్తామని ఒడ్డున నిలబెట్టారు.

“కాస్త ఏడువు, కామ్రేడ్ అవ్వా!”

“పట్టిన చేపలు కుళ్లుతున్నాయి, వాటికోసం ఏడుస్తాలే. చాలా?”

పడవెక్కగానే అవ్వ లూషా నడుముకు తాడు కట్టి, రెండో కొస తన నడుముకు బిగించింది. వెనియమిన్ తల పట్టుకున్నాడు.

“పిల్లా, దూడా? తాడు కనిపిస్తే ఇక మావాడు కాపాడేదేముంది? తీసెయ్!”

“మీవాడికి ఈతొచ్చా?”

“నటన వచ్చు.”

“అయితే తాడుంటుంది.”

వెనియమిన్ నావైపు తిరిగాడు. ఆ తీరంలో ఆటుపోట్లు కొలిచి రాసే ఉద్యోగం నాది. పట్టిక తీశాను. పోటుకు ఇంకా గంటన్నర ఉంది, నీళ్లు మోకాలి లోతే.

“తీసెయ్యొచ్చవ్వా, ప్రమాదం లేదు.”

“ఆ కాగితం ఉత్తరపు గాలినడిగి రాశావా?” అంది. తాడు తీయలేదు.

పావుగంటలో ఉత్తరపు గాలి లేచింది. పట్టిక చెప్పినదానికి ముందే నీరు ఎగదన్నింది. పడవ ఒరిగింది. కాపాడాల్సిన కుర్రాడే ముందు బోర్లాపడ్డాడు. లూషా నీళ్లలోకి జారిపోయింది. నేను పట్టిక పట్టుకుని ఒడ్డునే నిలబడిపోయాను. అవ్వ నూతిలోంచి చేద లాగినట్టు రెండు ఊపుల్లో తాడు లాగేసింది. పాప దగ్గి, కెవ్వుమంది.

“అద్భుతం!” అన్నాడు వెనియమిన్. “తాడు కనపడిందొక్కటే లోపం. ఇంకోసారి తీద్దాం!”

అవ్వ తడిబూటు విప్పి విసిరింది. గురి తప్పలేదు.

తర్వాత తన పొయ్యి దగ్గర లూషాని ఆరబెడుతూ నామీద విసుక్కుంది.

“భయపడ్డావు, సరే. భయపడి ఏం చేశావ్? కాగితం చూశావ్! ముందు తాడు కట్టు పిల్లా, తర్వాత చూసుకో నీ కాగితం. రెండో కొస గుంజకు కట్టొద్దు, నీ నడుముకే కట్టుకో. గుంజ పైకి లాగదు.”

ఇప్పుడు రేవు చివర నేను రాసే అంకెలన్నీ వంకరే. నా నడుము తాడుకు అటు కొసన లూషా లాగుతూ ఉంటుంది.