అసలు కదమ్‌తలి

మా భాబీ రూప్‌భానుకు ఒకచోట కుదురుగా కూర్చోవడం చేతకాదు. మా అన్న బతికున్నప్పుడూ అంతే, పోయాకా అంతే. ఆ నోటీసు వచ్చాక మాత్రం వాకిట్లోకీ ఇంట్లోకీ తిరగడమే పనైపోయింది.

నన్నడిగితే తప్పు ఆమెదే. మా పాత ఊరు కదమ్‌తలి బ్రహ్మపుత్ర నడిమి ఇసుకదిబ్బ మీద ఉండేది. నది కోసేసినప్పుడు రేకులూ తడికెలూ విప్పి పడవలకెత్తుకుని సగం మంది ఉత్తరపు ఒడ్డుకు, సగం మందిమి దక్షిణపు ఒడ్డుకు చేరాం. ఊరిపేరు మాత్రం అందరం మోసుకెళ్ళాం. అసలు కదమ్‌తలి ఎవరిదని పెళ్ళిళ్ళలో పోట్లాట, చేపల బజారులో పోట్లాట. అందులో భాబీ నోటికి ఎదురు లేదు.

అందుకే ఉత్తరపు ఒడ్డు నుంచి వచ్చిన పోలీసు "కదమ్‌తలి ఇదేనా?" అనగానే రెచ్చిపోయింది.

"ఇదే! అసలుది ఇదే. అవతలిది పారిపోయినోళ్ళ ఊరు."

"రూప్‌భాను ఎవరు?"

"నేనే."

కాగితం చేతిలో పెట్టి పోయాడు. నువ్వు విదేశీయురాలివని అనుమానం, కాదని ఉత్తరపు జిల్లా ట్రిబ్యునల్ ముందు రుజువు చేసుకో అని అందులో ఉంది. చేసుకోలేకపోతే నిర్బంధ శిబిరమే.

తండ్రి పేరు లేదు, వయసు లేదు. అది ఎవరికి రావలసిందో మాకు తెలుసు. అవతలి కదమ్‌తలిలో ఇంకో రూప్‌భాను ఉంది. ఒంటరి ముసలిది, మరమరాలు వేయించి అమ్ముతుంది.

వకీలు రెండు దారులు చెప్పాడు. "ఆ మనిషిని నేను కాదని అసలు మనిషిని చూపించావా, నీ పీడ విరగడవుతుంది. లేదంటే, నేనుండేది వేరే జిల్లా, నన్ను విచారించే అధికారం మీకు లేదను. కానీ అప్పుడు కేసు చావదమ్మా. నీ వెనకే నది దాటి మీ జిల్లా ట్రిబ్యునల్‌కి వస్తుంది."

"ముసలిదాన్ని చూపించేద్దాం," అన్నాను నేను. భాబీ ముందు దాన్ని చూసొద్దాం పదమంది.

"అమ్మో, అసలు కదమ్‌తలి దొరసాని మా గుడిసెకొచ్చిందే!" అని వెక్కిరిస్తూనే ముసలామె మరమరాల్లో బెల్లం కలిపి పెట్టింది.

భాబీ గుమ్మంలోనే నిలబడింది. "చాచీ, మీ అబ్బా పట్టా, పాత కాగితాలూ ఏవి?"

"నది దగ్గర దాచా. పోయి అడుగు." బోసినోటితో నవ్వింది. "ఎందుకే?"

"ఊరికే."

మరమరాలు కొంగులో పోసుకుని బయటికి నడిచింది. నాకు ఒళ్ళు మండింది.

"చెప్పలేదేం భాబీ?"

"నా దగ్గర మా అబ్బా పట్టా ఉంది. దాని దగ్గర ఏముందిరా, మూకుడు తప్ప?"

"పట్టాలున్నోళ్ళు కూడా శిబిరాల్లో ఉన్నారు!"

"నోర్ముయ్, తోఫా."

వాయిదా రోజున, మాది వేరే జిల్లా అని మా వకీలు చెప్పగానే ప్రభుత్వ వకీలు లేచాడు. "అసలు కదమ్‌తలి తమదేనని పోలీసుకు ఈమే చెప్పింది. ఆ పాత ఊరు మన జిల్లాదే. కాబట్టి విచారించే అధికారం మనకుంది."

జడ్జిగారు కళ్ళద్దాల పైనుంచి చూశారు. "ఏమ్మా, అసలుది మీదేనా?"

భాబీ కొంగును రెండు చేతులా మెలిపెట్టింది. ఆ ఒక్క మాట కోసం చుట్టాలతో కూడా మాటలు మానేసిన మనిషి.

"కాదు సార్. గొప్పకు పోయి అన్నా. అసలుది మీ ఒడ్డున ఉన్నదే. మాదే పారిపోయినోళ్ళ ఊరు."

"రూప్‌భాను నువ్వేగా?"

"నేనే సార్."

ఈ కేసు తమ పరిధిలోకి రాదని రాసి ఫైలు వెనక్కి పంపేశారు. తిరిగొచ్చేటప్పుడు పడవలో ఆమె ఒక్క క్షణం కూర్చోలేదు. ఆ మొండితనానికి నాకు కోపమొచ్చింది, ఏడుపూ వచ్చింది.

ఆవాలు కోతకొచ్చే వేళకు మా జిల్లా పోలీసు రేవులో దిగాడు. కొడవళ్ళు ఆపి అందరం లేచి నిలబడ్డాం.

"కదమ్‌తలి ఇదేనా?"

"ఇదొకటి," అంది భాబీ.

"రూప్‌భాను ఎవరు?"

ఆమె చేతులు చీరకు తుడుచుకుని కాగితం కోసం చాచింది.

"నేనే. ఆ పేరుతో ఇంకెవరూ లేరు."