మింగిన దగ్గు

రాజపాళయం నాటకాల్లో నా గొంతుకు తిరుగులేదు. నేను రాజు వేషం కడితే చివరి వరుసలో కునుకు తీసేవాడు కూడా లేచి కూర్చోవాల్సిందే. ఆ గొంతు విని, అరవైల మొదట్లో మద్రాసు నుంచి వచ్చిన ఒక డైరెక్టరు నన్ను పిలిచాడు. మిల్లుల్లో దూది దుమ్ము పీల్చి జనం ఊపిరితిత్తులు పాడవుతున్నాయని, కార్మిక సంఘం కోసం డాక్యుమెంటరీ తీస్తున్నాడు. అసలు కార్మికులు కెమెరా ముందుకు రారు. మొహం కనబడితే మర్నాడు గేటు దగ్గరే ఆపేస్తారు. అందుకని వాళ్ల బదులు నేను.

తెగిన నూలు అతకడం నాకు నేర్పింది మా అక్క మొగుడు. పదిహేనేళ్లుగా మిల్లులో ఉన్నాడు. "నేను నేర్పినానని మిల్లు ముదలాళికి తెలిస్తే నా పని పోయినట్టే రా" అన్నాడు. నోరు విప్పనని ఒట్టు పెట్టాను. మధ్యలో బావ లేచి పెరట్లోకి వెళ్లాడు.

"పోతాండాడు చూడు, బీడీకి. అది లేకుంటే పొద్దు పోదు ఈయనకి" అంది అక్క.

మొదటిరోజు షూటింగులో స్తంభం పట్టుకుని, షెడ్డు అదిరేలా దగ్గాను. డైరెక్టరు మెచ్చుకున్నాడు. సాయంత్రం గర్వంగా బావకు అదే దగ్గు దగ్గి చూపించాను.

ఆయన నవ్వలేదు. "అట్ల దగ్గితే మేస్త్రి పనిలో పెట్టుకుంటాడా? మేము దగ్గు మింగుతాము రా."

తుండుగుడ్డ కొస పళ్లకింద పెట్టుకుని, మొహం పైకెత్తాడు. ఎడమ భుజం రెండుసార్లు అదిరింది. చప్పుడే లేదు. నా గొంతు మీద నాకే అసహ్యం వేసింది. మర్నాడు డైరెక్టరును బతిమాలి, ఆ సీను బావ చేసినట్టే మళ్లీ చేశాను. తర్వాత అట్లాంటి చిత్రాలు చాలా చేశాను, ఎక్కడా గొంతు పెంచలేదు.

ఒక ఆదివారం మధ్యాహ్నం సంఘం ఆఫీసు కిటికీలకు దుప్పట్లు కట్టి ఆ మొదటి బొమ్మ వేశారు. అక్క నా పక్కన, బావ వెనక వరుసలో. ఎవరెవరు వచ్చారో చూసిపోదామని మిల్లు మేస్త్రి కూడా వచ్చి ముందు కూర్చున్నాడు. తెర మీద నేను తుండుగుడ్డ కొరికాను. ఎడమ భుజం రెండుసార్లు అదిరింది. అప్పుడు తెలిసింది నేను చేసిన తప్పు. నోరు విప్పలేదు గానీ, ఒళ్లంతా బావనే దించి చూపించాను. మేస్త్రి వెనక్కి తిరిగి సూటిగా బావ వంక చూశాడు.

వెనక ఎవరో దగ్గారు, పైకే. ఇంకొకరు దగ్గారు. చూస్తుండగానే హాలంతా దగ్గడం మొదలుపెట్టింది. అందరికంటే చివర బావ దగ్గాడు, పేగులు తెగేలా. మేస్త్రి ఒక్కొక్కరినే చూసి చూసి, లేచి వెళ్లిపోయాడు. బావ పని పోలేదు. అంతమందిలో ఎవరినని తీసేస్తారు?

ఆ హాల్లో అక్క నా చెయ్యి గట్టిగా పట్టుకుంది.

"పెరట్లోకి పోయేది దీనికా రా? బీడీకనుకొని దినమూ తిట్టినానే."