జంట చందమామల పంచాంగం

మా చిన్నప్పుడు... వరంగల్ కొత్తవాడలో, మా ఇంట్లో ఒక్క చందమామకు మూడు లెక్కలుండేవి. అమ్మకు చైత్రం, వైశాఖం. బడిలో సర్కారువారి ఫసలీ నెలలు... ఆజూర్, దై, బహమన్. టపాలో వచ్చే కాగితాల మీద ఇంగ్లీషు తారీఖు. ఏ రోజు ఏదో ఒక్కోసారి పెద్దవాళ్లకే కుదిరేది కాదు.

ఇన్ని ఉండగా ఇంకొకటి ఉంటే తప్పేమిటని నేనూ ఒకటి తయారుచేశాను. నాకప్పుడు తొమ్మిదేళ్లు. నా లెక్క మన లోకానిది కాదు... ఆకాశంలో ఇద్దరు చందమామలుండే దేశానిది. అక్కడ ఏడాదికి ఐదే నెలలు. ఆసు నెల, పడుగు నెల, గంజి నెల, నేత నెల, మడత నెల. అన్నీ మగ్గం పనుల పేర్లే... నేతగాళ్ల పిల్లను, ఇంకేం పేర్లు తెలుస్తాయి?

ఇద్దరు చందమామలు ఎందుకంటే... మాలో అమావాస్య నాడు మగ్గం ముట్టరు. నాన్నను మేం బాపు అనేవాళ్లం. నెలకు ఆ ఒక్క రోజే బాపు మగ్గం గుంటలోంచి పైకొచ్చి, నన్ను పక్కన కూర్చోబెట్టుకుని తీరిగ్గా తినేవాడు. ఇద్దరు చందమామలుంటే రెండు అమావాస్యలు వస్తాయి కదా. రెండూ ఒకే రోజు పడితే జంట అమావాస్య... వాడంతా మగ్గం గుంటల్లోంచి బయటికొచ్చే పండగ. నా ఆశ అంతవరకే.

వెనక గది గోడ మీద, నూలు కట్టలు వేలాడే దండెం చాటున, బొగ్గుతో రాసుకున్నాను. మా బడిలో చదువు ఉర్దూలోనే. తెలుగు అక్షరాలు నాకు చిన్నాయన, అంటే బాపు తమ్ముడు, గుట్టుగా నేర్పాడు. ఆడపిల్లకు ఉన్న చదువే ఎక్కువని బాపు అంటాడని మేమిద్దరం నోరు మెదపలేదు. బాపుకు చదువు రాదు. ఇంట్లో తెలుగు రాయగలిగేది తమ్ముడొక్కడే అని ఆయన నమ్మకం.

అవి అసలే అనుమానాల రోజులు. సర్కారు మీద తిరగబడేవాళ్ల కాగితాలు మా వాడలో చేతులు మారుతున్నాయని పుకారు. పక్కింటివాళ్లు పొయ్యిలోకి నిప్పు కోసం వచ్చినా, వాళ్ల కళ్లు ఎటు తిరుగుతున్నాయో అమ్మ చూసేది. చిన్నాయన కేసముద్రం పోయి ఆలస్యంగా వస్తే బాపు ఏమీ అడిగేవాడు కాదు... ఆయన సంచి వైపు మాత్రం ఓరగా చూసేవాడు. ఆ ఇంట్లో పెరిగిన దాన్ని కదా, ఇప్పటికీ తలుపు చప్పుడైతే ముందు కిటికీలోంచి చూస్తాను.

ఒక పొద్దున పోలీసు జమేదారు, ఇద్దరు జవాన్లు సోదాకు వచ్చారు. మా ఇల్లే ఎవరు చూపించారో తెలియదు. ఎదురింటి ముసలమ్మ మీద నాకు ఇంకా అనుమానమే, పాపం ఆవిడ ఏమీ ఎరగకపోయినా.

దండెం పక్కకు జరిపారు. వాళ్ల వెంట వచ్చిన, తెలుగు చదవగలిగిన మనిషి గోడ మీది రాత పైకి చదివాడు.

"గంజి నెల ఏడో రోజు జంట అమావాస్య. మగ్గాలన్నీ బంద్. అందరు బయటికి రావాలె."

"ఈ గంజి నెల ఎన్నడొస్తది?" అన్నాడు జమేదారు. పంచాంగం చూశారు, ఫసలీ చూశారు. ఏ లెక్కకూ అందని తారీఖంటే దొంగ తారీఖే అని తేల్చేశారు. "హర్తాళ్ చేస్తాండ్రా? ఎవడు రాసిండు?"

నేను తలుపు పక్కనే ఉన్నాను. బాపు గోడ వైపు చూశాడు. తర్వాత ఖాళీగా ఉన్న తమ్ముడి మగ్గం వైపు చూశాడు. చిన్నాయన ఆ రోజు ఊళ్లో లేడు.

"నేనే రాయించిన," అన్నాడు బాపు.

"ఎవనితోని?"

"యాదికి లేదు సాబ్."

బాపును తీసుకుపోయారు. వాళ్లు గడప దాటగానే అమ్మ గోడకు ఎర్రమన్ను పూసేసింది. చెబుదామని రోజూ అనుకునేదాన్ని... చెబితే నన్నూ పట్టుకుపోతారని భయం. ఎనిమిది రోజులకు బాపు ఇంటికి వచ్చాడు. ఎడమ చెవి ఇక వినపడలేదు.

ఆ సాయంత్రమే ఊరి నుంచి వచ్చిన తమ్ముణ్ని పిలిచి, "నీ రాతలు ఇంట్ల పెట్టకు తమ్మీ... పిల్లలున్నరు," అన్నాడు.

"ఏం రాతలే అన్న?"

"ఏదో గంజి నెలంట, జంట అమాసంట. నాకేమెరుక."

చిన్నాయన నా వైపు తిరిగాడు. నేను తల దించుకున్నాను. "తప్పయింది అన్నా," అన్నాడు. ఆయనకు అంతా అర్థమైందనే నా అనుమానం... నేను ఎన్నడూ అడగలేదు, ఆయనా చెప్పలేదు.

నెల తిరగకుండానే వేరు పడ్డారు. ఒకే గుమ్మంలో పెరిగిన అన్నదమ్ములకు, పెళ్లిళ్లలో ఎదురుపడినా "బాగున్నవా" అనడం తప్ప మాటల్లేవు. బాపు చివరిదాకా తమ్ముణ్ని నమ్మలేదు. నేను దసరాకు చెబుదాం, పండగ పూట ఎందుకులే అనుకుంటూ ఏళ్లు గడిపాను. ఇద్దరూ పోయారు. ఎంత సిగ్గుగా ఉందో ఈ వయసులో కూడా.

ఇప్పుడు మా మనవరాలు ఫోన్లో ఏవేవో లోకాలు కట్టి, వాటికి వారాలూ నెలలూ పెట్టి నలుగురికీ చూపిస్తుంది. ఏ జమేదారూ రాడు. చూస్తే సంతోషమే... ఆ వెంటనే ఎర్రమన్ను పూసిన గోడ గుర్తొస్తుంది.

మీరు చేసిన పనికి ఇంకెవరో మాటపడ్డ కథ మీ ఇంట్లోనూ ఉంటే కింద రాయండి. వాళ్లు బతికి ఉంటే మాత్రం ఇక్కడ రాయకండి... లేచి వాళ్ల దగ్గరికి పోండి.