ఆటకు ముందు మోత

నరసింహమూర్తికి కాలు ఒకచోట నిలవదు. కాకినాడ పోస్టాఫీసులో కూడా నిలబడే స్టాంపులు కొట్టిన మనిషి. రిటైరై లింగంపల్లిలో కూతురు రసజ్ఞ దగ్గరికి వచ్చాక ఇల్లంతా కాలుగాలిన పిల్లిలా తిరిగేవాడు.

భార్య పుణ్యవతికి పక్షవాతం వచ్చి కుడిచెయ్యి పడిపోయింది. డాక్టరిచ్చిన రబ్బరు బంతిని ఆవిడ ముట్టుకుంటే ఒట్టు. రసజ్ఞ స్నేహితురాలు సింగపూర్ నుంచి తెచ్చిన ఆటల పెట్టె మాత్రం పనిచేసింది. టీవీకి తగిలించి స్విచ్ వేయగానే గంభీరంగా ఓ మోత మోగేది. అది వినగానే పుణ్యవతి చెయ్యి వణుకుతూ లేచి మీటల మీదికి వచ్చేది. ఆటలో ఆవిడ కారు ఎప్పుడూ గోడకే గుద్దుకునేది. వేళ్ళు కదిలేవి, అది చాలదూ!

తొంభై తొమ్మిది వేసవిలో ఓ మధ్యాహ్నం పోయిన కరెంటు వస్తూ వస్తూ ఎక్కువై వచ్చి పెట్టెను కాల్చేసింది. చెయ్యి మళ్ళీ ఒళ్ళోకి చేరింది. మూర్తికి అన్నం సహించలేదు.

హైటెక్ సిటీలో ప్రోగ్రాములు పరీక్షించే ఉద్యోగం రసజ్ఞది. ఆ పెట్టెలా నటించే ప్రోగ్రామొకటి ఇంట్లో కంప్యూటర్‌లో ఎక్కించి, కొత్త మీటలు తగిలించింది. పెట్టెను నిద్రలేపే బయోస్ ఫైలు లేకపోయినా ఇది నడుస్తుందంది. నిజంగానే ఆట సరాసరి మొదలైంది. పుణ్యవతి తెరకేసి చూస్తూ కూర్చుంది తప్ప చెయ్యి ఎత్తలేదు.

ఇంకో ఆట పెడదామంది కూతురు. మూర్తి గదిలో నాలుగు చుట్లు తిరిగి ఆగాడు.

"మోత ఏదమ్మా? మీ అమ్మ దానికోసమే చూస్తోంది."

ఆ మోత బయోస్‌లోనే ఉంటుంది. బయోసేమో కాలిన పెట్టెలో ఓ చిప్పులో ఉంది. పెట్టెను సంచిలో వేసుకుని తండ్రీకూతుళ్ళు బాలానగర్ బస్సెక్కారు. అక్కడ నర్సయ్య అనే మెకానిక్ ఫ్యాక్టరీ యంత్రాల చిప్పులు ఊడదీసి, లోపలున్నది కాపీ చేసిస్తాడు.

"ఊడదీసే వేడికి చిప్పు ఖరాబైతదేమో సార్. గ్యారంటీ ఇయ్యలేను," అన్నాడు నర్సయ్య.

కానివ్వమని గుమ్మం బయట పచార్లు మొదలెట్టాడు మూర్తి. ఆయన తిరుగుడు చూసి పక్క షెడ్డువాళ్ళు పనాపారు. చివరికి నర్సయ్య ఓ ఫ్లాపీ తెచ్చి చేతిలో పెట్టాడు. అందులో ఉన్నది బాగుందో పాడైందో ఇంటికెళ్తేగాని తెలియదు.

ఇంటికొచ్చి రసజ్ఞ ఫైలెక్కించింది. తెర నల్లగా ఉండిపోయింది. మూర్తి వంటింట్లోకి వెళ్ళాడు, వచ్చాడు. కిటికీ తీశాడు, మూశాడు. ఉన్న ఒక్క చిప్పునూ చేజేతులా చంపుకున్నామని ఆయనకు ఏడుపొచ్చింది.

అప్పుడు మోగింది.

పుణ్యవతి చెయ్యి ఒళ్ళోంచి లేచింది. వణుకుతూ వణుకుతూ వచ్చి మీటల మీద వాలింది. తెర మీంచి చూపు తిప్పకుండానే ఆవిడ అంది:

"కాస్త కూర్చోండి. మీరలా తిరుగుతుంటే నేను కారెలా నడపను?"

మూర్తి కూర్చున్నాడు.