అర్జీలక్క రాసిన వారసుల పట్టీ

మున్సిపల్ ఆఫీసు మెట్ల పక్కన రేకుల పంచ. కింద ఒక బల్ల, రెండు కుర్చీలు. ముప్ఫై ఏళ్లుగా అక్కడ కూర్చుని అర్జీలు రాస్తున్న ఆవిడను ఊరంతా అర్జీలక్క అంటుంది. ఇంటి యజమాని పోతే పన్ను రసీదు మీద పేరు మార్చాలన్నా, పొలం కాగితాలు బిడ్డల పేరు మీదికి రావాలన్నా జనం ముందు ఆ బల్ల దగ్గరికే వస్తారు. లోపలి గుమాస్తాలు కూడా రూల్సు మీద అనుమానమొస్తే కిటికీలోంచి తల బయటపెట్టి ఆవిడనే అడుగుతారు.

వచ్చినవాళ్లందరికీ ఒకటే చీవాట్లు. "దీపం ఉండగానే ఇల్లు చక్కబెట్టుకోవాలి నాయనా. పెద్దాయన బతికుండగా ఒక కాగితం అడగడానికి నోరు పెగల్లేదా?"

అంత మనిషీ తన సంగతి మాత్రం చూసుకోలేదు. అందరికీ శకునం చెప్పే బల్లి కుడితి తొట్టిలో పడ్డట్టయింది.

కన్నవాళ్లు పోతే రెండేళ్ల పిల్లగా ఉన్న ఆమెను పెద్దమ్మ తెచ్చి పెంచింది. పెద్దమ్మ భర్తను ఆమె నాన్నా అనే పిలిచింది. బడి కాగితాల్లో కన్నతండ్రి పేరే ఉండిపోయింది. దత్తత పత్రం రాయించాలని ఎవరికీ తోచలేదు. పెద్దమ్మ కూడా పోయాక, కొడుకులు వేరే కాపురాలు పెట్టుకున్నాక, మంచాన పడ్డ ఆయనకు పదకొండేళ్లు ఆమే చేసింది. పెళ్లి మాట ఎత్తినవాళ్లు ఎత్తి ఎత్తి మానుకున్నారు. వీధివైపు గది ఆమెది. 'ఈ గది నాకు రాసివ్వు నాన్నా' అందామని ఎన్నోసార్లు అనుకుంది. మందు పట్టే చేతిని ఆస్తి కోసం చాచడానికి సిగ్గేసింది. ఇంతలో ఆయన పోయాడు.

నెల తిరిగాక కొడుకులిద్దరూ ఆమె బల్ల దగ్గరికే వచ్చారు.

"నీకంటే బాగా ఎవరు రాస్తారక్కా" అన్నాడు పెద్దవాడు.

వారసుల పట్టీలో ఇద్దరి పేర్లూ వరసగా రాసింది. చిన్నవాడు కాగితం మీదికి వంగాడు.

"మూడో గడి ఖాళీగా ఉందిగా. నీ పేరు రాసేయక్కా."

"చట్టం ప్రకారం నేను రానురా. అబద్ధం రాస్తే విచారణలో దొరికిపోతాం."

"మరి నీ గది?"

కలం ఆగింది. పట్టీలో చోటు లేకపోయినా, ఇల్లు వాళ్ల పేరు మీదికి వచ్చాక ఆ ఒక్క గదీ ఆమెకు రాసివ్వొచ్చు. ఆ దారి ఎంతమందికి చెప్పిందో ఆమెకే తెలుసు. పెద్దవాడి ముఖంలోకి చూసింది. అతను వాచీ చూసుకుంటున్నాడు.

"అవన్నీ తర్వాత చూద్దాంలేరా. అక్క ఎక్కడికి పోతుంది?"

అప్పుడైనా అడగాల్సింది. ఖాళీ గళ్లు వదిలితే తర్వాత ఎవరైనా పేరు ఇరికిస్తారని వాటిని కొట్టేయడం ఆమె పనిలో అలవాటు. మూడో గడి మీద స్కేలు పెట్టి అడ్డంగా గీత గీసింది. చిన్నవాడు ముఖం తిప్పుకున్నాడు.

అర్జీ ఏ అభ్యంతరం లేకుండా మంజూరైంది. ఆవిడ రాసింది ఎప్పుడు వెనక్కి వచ్చింది కనక! తర్వాతి పన్ను నోటీసు అన్నదమ్ములిద్దరి పేర్ల మీదా వచ్చింది. తెచ్చినవాడు ఆఫీసుకు కొత్త. ఇంట్లో ఉన్నది ఆమె ఒక్కతే. సంతకం పెట్టించుకుని, ఇంకో గడి చూపించాడు.

"ఇంటివాళ్లకు మీరేమవుతారో ఇక్కడ రాయండమ్మా."

అక్క అని రాద్దామనుకుంది. రుజువేదని ఎవరైనా అడిగితే చూపించడానికి ఒక్క కాగితమూ లేదు. చివరికి 'అద్దెకుంటున్న మనిషి' అని గుండ్రంగా రాసి, కాగితం తిరిగిచ్చింది.