అద్దకం మూటల మీద షావుకారమ్మ

ఆ రోజుల్లో పడవంటే నాకు పెద్ద సంబరం ఉండేది కాదు, పడవవాణ్ణి కట్టుకున్నదాన్ని గదా. కానీ ఆ ఒక్క ప్రయాణం తలుచుకుంటే ఇప్పటికీ నాకు కాలు నిలవదు. బందరు బళ్ళో మాస్టారొకాయన, ఆయన వెంట నలుగురు కుర్రాళ్ళు వచ్చి మా పడవ మాట్లాడుకున్నారు. వెనకటి షావుకార్లు అద్దకం బట్టల మూటలు పడవకెత్తుకుని కాలవ మీద బెజవాడ ఎలా వెళ్ళేవారో అచ్చం అలాగే వెళ్ళాలట. బస్సెక్కకూడదు, గట్టున నడుస్తూ తాడు పట్టి తామే లాగాలి. తలపాగాలు చుట్టారు, మసితో మీసాలు దిద్దారు. అన్ని బట్టలు ఎక్కణ్ణుంచి తెస్తారు పాపం, ఎండుగడ్డి కుక్కి మూటలు కట్టి, పైన మాత్రం అద్దకం దుప్పట్లు చుట్టారు. వంటకి నేను.

నా ఆత్రం బెజవాడ మీద కాదు. దారిలో కాలవ గట్టు మీదే మా పుట్టిల్లు. పడవవాడికి పడ్డానని మా వదిన నన్ను చూసినప్పుడల్లా మూతి తిప్పేది. ఆవిడ గుమ్మం ముందు నుంచి ఆ మూటల మీద షావుకారమ్మలా కూర్చుని వెళ్ళాలి, అంతే. (పెళ్ళిచీర కట్టుకునే పొయ్యి ఊదాను, నే చెప్పేదంతా రాసుకుంటున్నావుగా తల్లీ, అదీ రాసుకో.)

అందరం ఒక్క సంగతి మరిచాం. బడికి సెలవులిచ్చేది ఎండాకాలంలో, కాలవకి నీళ్ళు కట్టేసేదీ అప్పుడే. పుట్టిల్లు కనిపిస్తుండగా నీళ్ళు జారిపోయి పడవ బురదలో కూర్చుంది. షావుకార్లు లాగి లాగి చతికిలబడ్డారు, చెమటకి మీసాలు కాస్తా గడ్డాలయ్యాయి.

మా అన్నయ్య ఎడ్లను తోలుకొచ్చాడు. వెనకటివాళ్ళు ఎడ్లు కట్టేవారో లేదోనని మాస్టారు నసిగారు. “మరి వాళ్ళు దిగబడితే అక్కడే కాపరం పెట్టేవారాండీ?” అంది అన్నయ్య వెనకే గట్టు మీదికొచ్చిన మా వదిన. మొలలోతు బురదలో పడవ నెడుతున్న మా ఆయన తలెత్తి, “నువ్వు దిగితే కాస్త తేలికవుతుంది కదే” అన్నాడు. నేను దిగలేదు. దిగి నడిచేదానికి ఇంత ప్రయాణమెందుకు?

ఎడ్లు సరిగ్గా మా గుమ్మం ముందుకొచ్చి ఆగి, వెనక్కి తిరిగి, గట్టుకి ఒరుసుకున్న పడవలోని మూటలకేసి మోరలు చాచాయి. ఒకటి దుప్పటి లాగేసి గడ్డి నమలసాగింది.

“ఏమే, మీ షావుకార్ల బట్టలు మా ఎడ్లకి బాగా నచ్చినట్టున్నాయే” అంది వదిన.

గట్టంతా నవ్వు. మాస్టారూ నవ్వారు. నేను మాత్రం గడ్డి రాలుతున్న మూట మీద మెడ నిలబెట్టుకునే కూర్చున్నాను. తిన్నంత తిని ఎడ్లు కదిలాయి, పడవ కదిలింది, ఆ గుమ్మం దాటాను. (ఆ తర్వాత అందరం బస్సెక్కి బందరు వచ్చేశామనుకో.)

మా ఆయన పోయాక, ఆ రోజు దిగి ఆయన పక్కన నెట్టాల్సిందని ఒక్కోసారి అనుకుంటాను. అంతలో మూట మీద ఆ పెళ్ళిచీర పిల్ల మొహం గుర్తొస్తుంది. పోనీలే, కూర్చోనీ అనుకుంటాను.